ఒకరు కొన్న గేమ్‌ని ఇద్దరెలా ఆడతారు?

నర్సీపట్నంలో మీ ఇంట్లో ఒక పీఎస్5 గేమ్ కన్సోల్, విశాఖలో చదువుకునే అన్నయ్య దగ్గర ఇంకొకటి ఉందనుకోండి. అన్నయ్య కొన్న డిజిటల్ గేమ్ మీరూ ఆడొచ్చా? ఆడొచ్చు!

డబ్బు కట్టినప్పుడు అన్నయ్యకు దక్కేది ఆడుకునే అనుమతి, అంటే లైసెన్స్. అది ఆయన అకౌంట్ పేరున కంపెనీ సర్వర్‌లో నమోదవుతుంది. గేమ్‌ని రెండు చోట్లా డౌన్‌లోడ్ చేసుకోవచ్చు. కానీ లైసెన్స్ కనిపిస్తేనే అది తెరుచుకుంటుంది.

అందుకే అన్నయ్య సెలవులకు వచ్చినప్పుడు మీ పీఎస్5లో లాగిన్ అయి, ‘కన్సోల్ షేరింగ్’ ఆన్ చేయాలి. అప్పుడు లైసెన్స్ ఆ కన్సోల్‌కీ వర్తిస్తుంది. మీ అకౌంట్‌తోనే ఆడొచ్చు, నెట్ పోయినా సరే. విశాఖలో ఆయనకు మాత్రం నెట్ తప్పనిసరి. ఒక అకౌంట్‌కి ఒక్క పీఎస్5లోనే ఈ సదుపాయం కాబట్టి స్నేహితులందరికీ పంచలేం. పాస్‌వర్డ్ మాత్రం బయటివాళ్లకు అస్సలు చెప్పకండి, అకౌంట్ పోతే కొన్న గేమ్‌లన్నీ పోయినట్టే.

ఎక్స్‌బాక్స్‌లో దీన్ని ‘హోమ్ ఎక్స్‌బాక్స్’ అంటారు. నింటెండో 2025లో తెచ్చిన పద్ధతి నాకు మరీ నచ్చింది. ఆ కంపెనీ స్విచ్ కన్సోల్‌లో డిజిటల్ గేమ్ ఒక వర్చువల్ కార్డుగా ఉంటుంది. రెండు కన్సోల్‌లను దగ్గర పెట్టి, ఫ్యామిలీ గ్రూపులోని వాళ్లకు 14 రోజులు అరువివ్వొచ్చు. అన్నాళ్లూ ఇచ్చినవాళ్లు ఆ గేమ్ ఆడలేరు. గడువు తీరగానే కార్డు దానంతటదే యజమానికి చేరుతుంది.