ఎనిమిది ముక్కల వైరస్

పరిణామం అనగానే నెమ్మదిగా పోగుపడే చిన్న చిన్న మార్పులే మనకు తోస్తాయి. ఇన్‌ఫ్లుయెంజా వైరస్‌లో అవీ ఉన్నాయి. టీకాను తరచూ మార్చవలసి రావడం వాటివల్లనే. కాని 1957 నాటి మహమ్మారి అలా పుట్టలేదు.

ఈ వైరస్ ఎ రకంలో జన్యుపదార్థం ఒకే దారంగా ఉండదు. ఎనిమిది విడి ఆర్‌.ఎన్‌.ఏ. ముక్కలుగా ఉంటుంది. రెండు వేర్వేరు వైరస్‌లు ఒకే కణంలో చొరబడితే, పుట్టే పిల్ల వైరస్‌లో ఒక్కో ముక్కా ఇటుదో అటుదో కావచ్చు. లెక్కకు 256 కూర్పులు. అన్నీ బతకవు, పొసగని ముక్కలుంటాయి. పొసగినదానికి పైనున్న ప్రోటీను కొత్తదైతే మన శరీరం గుర్తుపట్టలేదు. 1957లో జరిగింది అదే: మూడు ముక్కలు పక్షుల వైరస్‌వి, ఐదు అప్పటికే మనుషుల్లో తిరుగుతున్నదానివి. 1968లో మళ్ళీ రెండు పక్షులవి వచ్చి చేరాయి.

దీన్ని పరిమాణం గుణంగా మారడానికి ఉదాహరణగా చెప్పే మిత్రులున్నారు. నేను ఒప్పుకోను. ఇక్కడ పోగుపడి పొంగినదేమీ లేదు, జరిగింది మార్పిడి. మార్పిడి జరగాలంటే ముందు కలుసుకోవాలి. మరి ఎక్కడ కలుసుకున్నాయి?

2009 మహమ్మారి వైరస్‌ను చూడండి. ఆరు ముక్కలు ఉత్తర అమెరికా పందుల వైరస్‌వి. అదే ఒక కలగూరగంప: పక్షులవీ, మనుషులవీ, పందులవీ అందులో అప్పటికే కలిసి ఉన్నాయి. మిగిలిన రెండూ యూరప్, ఆసియా పందుల్లోని వైరస్‌వి. పందులు సముద్రాలు ఈదవు. వాటిని ప్రాణాలతో ఖండాలు దాటించినది వ్యాపారం. ఈ వైరస్ మెక్సికో పందుల్లోనే రూపు కట్టిందని 2016లో వెలువడిన పరిశోధన చూపింది. మనుషులు జబ్బుపడేదాకా అక్కడి పందుల్లో ఏ వైరస్ తిరుగుతోందో చూసినవారు దాదాపు లేరు.