ఇంగ్లండు పల్లెల పూర్వకథ



ఆంగ్లేయులు మన తీరమున వర్తకస్థానము పెట్టి మూడువందల యేండ్లు దాటినది. 1682వ సంవత్సరమున విశాఖపట్టణమందు వారి కోఠీ వెలసినది. 1689లో మొగలు సేనలు దానిని పట్టుకొని అందలి వర్తకులను చంపినవి. అయినను వారు మరల వచ్చిరి. 1765లో ఉత్తర సర్కారులు వారి వశమైనవి. 1947లో వారు వెడలిపోయిరి. ఈ దీర్ఘకాలమంతయు మనము చూచిన ఇంగ్లీషువాడు కలెక్టరు, జడ్జి, సేనాని, వర్తకుడు. ఒక్క మాటలో జెప్పిన గుఱ్ఱము మీది దొర. ఆ దొర తాత యే పల్లెలో నాగలి పట్టెనో, యెవనికి వెట్టి చేసెనో మనవారు విచారింపలేదు. బడిలో నేను ముప్పదియేండ్లకు పైగా చెప్పిన చరిత్రపాఠములలో వారి రాజుల పేళ్లును యుద్ధముల సంవత్సరములును ఉండెడివి గాని ఆ తాత యూసు లేదు. నేడు ఆ తాత కథయే చెప్పెదను. మన అచ్యుతాపురము వారు దీనిని చెవియొగ్గి వినదగును. ఏలయన ఆ కథ యంతయు ఊరుమ్మడి భూమి చుట్టు తిరుగుచున్నది.

1066లో నార్మండీ ప్రభువైన విలియము ఇంగ్లండును జయించెను. ఇరువది యేండ్ల పిమ్మట, అనగా 1086లో, దేశమున నున్న భూమిని, పశువులను, నాగళ్లను లెక్క వ్రాయించెను. ప్రళయదినపు తీర్పువలె దానిపై మరల విచారణ లేదని జనులు ఆ లెక్కకు డూమ్స్‌డే పుస్తకమని పేరు పెట్టిరి. ప్రతి యూరినుండి క్రైస్తవ పురోహితుడు, గ్రామపెద్ద, ఆరుగురు కాపులు వచ్చి ప్రమాణము చేసి బదులు చెప్పవలయును. నాగళ్లెన్ని? పిండిమరలెన్ని? పచ్చికబీడెంత? అడవి యెంత? చేపల మడుగులెన్ని? వెనుకటి రాజు కాలమున నిది యెవరిది? మన పెద్దలకు కరణముగారి జమాబందీ జ్ఞప్తికి రాక మానదు.

ఆ యూళ్ల సేద్యపు రీతి విచిత్రమైనది. అనేక గ్రామములలో పొలమంతయు రెండు మూడు మహాక్షేత్రములుగా నుండెడిది. నడుమ కంచెలు లేవు. ఒక్కొక్క కాపునకు ఈ క్షేత్రమున నొక పట్టె, ఆ క్షేత్రమున నొక పట్టె, మంచి నేలలో కొంత, చెడ్డ నేలలో కొంత. ఏటికొక క్షేత్రము బీడు పెట్టుదురు. పంట యింటికి చేరగానే ఊరి పశువులన్నియు మోళ్లలో మేయును. ఇదిగాక ఊరికి ఉమ్మడి బీడు కలదు. అందులో గుడిసె మాత్రమే యున్న పేదవాడును ఒక యావును, నాలుగు బాతులను మేపుకొనును. పొదలలో వంటచెఱకు విఱుచుకొనును. కోతలైన చేలలో పేదరాండ్రును పిల్లలును పరిగె యేరుకొందురు. పరులచేను మేసిన పశువునకు బందెలదొడ్డి కలదు. ఆంగ్లేయులు 1871లో మన యూళ్ల బందెలదొడ్లకు చట్టము చేసినపుడు ఆ సంగతి వారికి క్రొత్త కాదు.

అట్లని ఆ కాపు సుఖముగా నుండెనని తలపరాదు. వారమునకు రెండు మూడు దినములు ప్రభువు పొలమున వెట్టి చేయవలయును. కూతురి పెండ్లికి ప్రభువునకు సుంకము. కాపు చనిపోయిన ఇంటనున్న మేలైన పశువు ప్రభువుది. అనుమతి లేక ఊరు విడువరాదు. ఇట్టి వెట్టికాపును వారు విలన్ అనిరి. పల్లెలోని వాడని దాని యర్థము. కాలక్రమమున అదే మాట మోటువాడనియు, పిదప దుర్మార్గుడనియు మాఱి, కడపట మన చలనచిత్రములలో ప్రతినాయకునకు పేరైనది! మన సంస్కృతమున గ్రామ శబ్దమునుండి గ్రామ్యమను నింద పుట్టలేదా? పల్లెవాని పేరును తిట్టుగా మార్చుట యే దేశపు పట్టణవాసులకైనను అలవాటే.

1348లో ఆ దేశమున మహామారి ప్రవేశించెను. రెండేండ్లలో మూడవవంతు జనమునకు తక్కువగాక నశించిరి. కోతకు మనుష్యులు దొరకలేదు. బ్రతికినవారు హెచ్చు కూలి యడిగిరి. ప్రభువులు సహింపక 1351లో కూలి పాతరేటుకు మించరాదని చట్టము చేసిరి. దానిపైన తలపన్ను కూడ వచ్చుటచే 1381లో పల్లెలు తిరుగబడి లండను నగరముపై నడచినవి. వాట్ టైలర్ అనువాడు నాయకుడు. పదునాలుగేండ్ల బాలరాజు రెండవ రిచ్చర్డు వెట్టి తీసివేయుదునని మాట యిచ్చెను, టైలరు చంపబడెను, మాట వెనుకకు తీయబడెను. అయినను చట్టము చేయలేని పనిని కూలివాని కొఱత చేసినది. రాబోవు నూఱు నూటయేబదియేండ్లలో వెట్టి తనంతట తానే సన్నగిల్లిపోయెను.

వెట్టి పోయినది గాని వేఱొక యాపద వచ్చినది. ఉన్నికి ధర పలికెను. గొఱ్ఱెలమందకు ఒక్క కాపరి చాలును. ధాన్యపు సేద్యమునకు ఊరంతయు కావలయును. కావున భూస్వాములు కొందఱు ఊళ్లు ఖాళీ చేయించి కంచెలు వేసిరి. 1549లో నార్ఫోకు సీమలో రాబర్టు కెట్టు అనువాడు జనులను గూర్చుకొని కంచెలు పీకించెను, ఆతనిని ఉరితీసిరి. ఊరు చెడిన పేదలు దేశముపై పడగా, 1601లో ప్రతి యూరును తన పేదలను తానే పోషింపవలెనని పన్ను విధించిరి.

ఇంతవరకు కంచె వేసినది కత్తిబలము గలవాడు. పదునెనిమిదవ శతాబ్దమున ఆ పనిని పార్లమెంటు చేపట్టెను. 1604 మొదలు 1914 వఱకు ఇట్టి చట్టములు 5,200కు మించినవి. వానిచే కంచెలోనికి పోయిన నేల యించుమించు 68 లక్షల యెకరములు, అనగా ఇంగ్లండులో అయిదవ వంతు. జరుగు తీరు చిత్తగింపుడు. ఊరి పెద్ద భూస్వాములు అర్జీ పెట్టుకొందురు. పార్లమెంటులో కూర్చుండువారును భూస్వాములే. చట్టమైన పిమ్మట విచారణాధికారులు ఊరికి వచ్చి, యెవరి హక్కు ఎంతయో కాగితము చూపుమందురు. కాగితమున్నవానికి చెక్క కట్టి నేల యిత్తురు. చిన్న రైతు తన పాలికి వచ్చిన ముక్కకు కంచె ఖర్చు పెట్టుకొనలేక అమ్ముకొనును. తాతల నాటినుండి ఆవును మేపుకొనుచున్న గుడిసెవానికి కాగితమేది? ఆతనికి సాధారణముగా ఏమియు దక్కలేదు. 1788లో న్యాయస్థానము పరిగె యేరుకొనుట కూడ హక్కు కాదని తీర్పు చెప్పినది.

న్యాయము కొఱకు రెండవ వైపును చెప్పవలయును. కంచెల పిమ్మట పంట పెరిగినది. దుంపకూరలు, పచ్చిమేతలు వేసి నేలను బీడు పెట్టకయే సాగుచేయుట నేర్చిరి, పశువులు బలిసినవి. పెరిగిన ధాన్యమే పెరిగిన పట్టణములను పోషించినది. నష్టమును మోసినవారు వేఱు, లాభమును కుడిచినవారు వేఱు. చిక్కు అక్కడ నున్నది.

భూమికి ఒక్క యజమానుడున్నగాని అది బాగుపడదను ఈ నమ్మకమే ఓడయెక్కి మన దేశమునకు వచ్చినది. 1793లో వంగదేశమునను, 1802లో మన చెన్నరాజధానిలోను శాశ్వత పైసలా అయినది. శిస్తు వసూలుచేయు జమీందారుని, ఇంగ్లండు భూస్వామిని చూచినట్లు చూచి, యజమానునిగా నిలిపిరి. బంజరులును ఆయన యెస్టేటు క్రిందనే పోయినవి. 1948లో ఎస్టేటుల రద్దు చట్టము వచ్చి జమీందారీలు పోయినవి. బంజరులు ప్రభుత్వము చేతికి వచ్చినవి. ఊరికి మాత్రము ఆ కాగితములందు స్వామ్యమెన్నడును లేదు.

ఇక ఇంగ్లండు కూలివాని గతి చూతము. నేల పోయినవాడు మరలో చేరెను. ఆ మరల పుట్టుకలో మనకును పాలున్నది. మన తీరపు అద్దకపు బట్టలకు అక్కడి స్త్రీలు మోజుపడగా, అచ్చటి నేతవారి గోలచే 1700లో అద్దకపు బట్టల దిగుమతిని, 1721లో ధరించుటను సైతము నిషేధించిరి. బట్ట పోయినను మోజు పోలేదు. అట్టి నూలుబట్టను యంత్రముతో జేయ యత్నించి, 1771లో ఆర్కురైటు అనువాడు క్రాంఫర్డులో నీటిబలముతో తిరుగు నూలుమరను నిలిపెను. 1813లో కుంపిణీ గుత్తవర్తకము తీసివేయబడగా మరబట్ట మన సంతలలోనికి దిగినది. పొందూరు వంటి చోట్ల సన్ననూలు నేర్పు ఖద్దరు పుణ్యమున నిలిచినది గాని, తక్కిన నేతపల్లెలు పెక్కు చితికినవి. ఒక మగ్గము కథలో రెండు దేశముల పేదలు ముడివడియున్నారు.

ఆ మరలలో పసిపిల్లలు పండ్రెండు, పదునాలుగు గంటలు పనిచేసిరి. మన జమీందారీల పైసలా జరిగిన 1802వ సంవత్సరముననే అక్కడ మొదటి మిల్లుచట్టము వచ్చినది. మిల్లులకు అప్పగింపబడిన పిల్లలచే పండ్రెండు గంటలకు మించి పనిచేయింపరాదనియు, వారికి చదువు చెప్పవలెననియు, ఏట రెండుమార్లు గోడలకు సున్నము వేయవలెననియు శాసించిరి. చూచువాడు లేక అది కాగితముపైననే నిలిచినది. 1833లో తొమ్మిదేండ్ల లోపు పిల్లలను బట్టల మరలలో పెట్టరాదని చట్టము చేసి, దేశమునకంతకు నలుగురు తనిఖీదారులను నియమించిరి. ఆ నలుగురి రాకతో మార్పు మొదలైనది. 1847లో స్త్రీలకును బాలురకును దినమునకు పది గంటలే పనియని నిర్ణయమైనది.

ఇది దూరదేశపు మాట యని త్రోసివేయ వలనుపడదు. నేడు మన యూరి కుట్టుశాలలకు తెల్లవాఱక మునుపే బస్సులెక్కి వచ్చు ఆడపడుచులు వేలకొలది. 2024 ఆగష్టు 21వ తేదీన మన ఆర్థికమండలిలోని యొక మందుల కర్మాగారమున ప్రేలుడు సంభవించి 17 మంది మరణించిరి. అందుచేత ఆ నలుగురు తనిఖీదారుల ముచ్చటను ఇంత విస్తరించితిని.

కూలివాండ్రు ఊరకుండలేదు. 1834లో టాల్‌పడిల్ అను పల్లెలో ఆరుగురు కూలీలు కూలి తగ్గింపునకోర్వక సంఘము పెట్టుకొని ప్రమాణము చేసినందుకు ఏడేండ్ల ద్వీపాంతరశిక్ష పొందిరి. జనఘోషకు వెఱచి 1836లో క్షమాభిక్ష యిచ్చిరి. 1844లో రాచ్‌డేలు పట్టణమున ఇరువదియెనిమిది మంది సామాన్యులు చందాలు కూర్చి పిండి, వెన్న, చక్కెర, క్రొవ్వొత్తులు అమ్ము అంగడి పెట్టిరి. మనము నేడు సహకార సంఘమనునది ఆ యంగడి జాతిలోనిది. బడి 1880లో నిర్బంధము, 1891లో ఉచితము అయినది. పల్లెకూలికి ఓటు 1884లో గాని రాలేదు. అక్కడి స్త్రీలకు పురుషులతో సమముగా 1928 వఱకు లేదు. మనకో, 1951-52 ఎన్నికలలో స్త్రీపురుషులకందఱికి ఒక్కమాఱే వచ్చినది.

మరల ఉమ్మడి భూమికి వచ్చెదను. లండనునకు ఈశాన్యమున ఎపింగు అను అడవియు, దాని నానుకొని లౌటన్ అను పల్లెయు కలవు. చలికాలమున ఆ యడవి చెట్ల కొమ్మలు నఱకుకొనుట ఆ పల్లెవారి పూర్వపు హక్కు. నవంబరు 11వ తేదీ అర్ధరాత్రమున మొదటి గొడ్డలివేటు పడనిచో హక్కు పోవునని వారి నమ్మకము. భూస్వామి కంచె వేయగా, తామస్ విలింగేల్ అను ముసలి కూలివాడు నఱకుట మానలేదు. 1866లో ఆతని యింటివారు చెఱసాలకు పోయిరి. 1865లో పుట్టిన ఉమ్మడి భూముల రక్షణసంఘము ఆతని పక్షమున వ్యాజ్యము నడపెను. తీర్పు రాకమునుపే ఆతడు మరణించెను. ఆ యడవిలో పశువులు మేపుకొను హక్కు లండను నగరసభకును ఉండుటచే అది కోర్టుకెక్కి 1874లో గెలిచినది. 1878లో అడవి ప్రజలపరమైనది. కొమ్మల హక్కు మానినందుకు బదులుగా వచ్చిన సొమ్ముతో ఊరివారికి 1884లో ఒక సభామందిరము లేచినది. నేటికిని దాని పేరు కొమ్మలుకొట్టువారి మందిరమే.

హక్కున్నను వ్రాతలో లేకున్న నేమగునో ఆ దేశమే మరల చూపినది. 1965లో ఊరుమ్మడి భూములను, హక్కులను పట్టికలో చేర్పింపవలెనని చట్టము చేసిరి. 1970 ఆరంభముతో గడువు తీఱెను. చేర్పింపని హక్కులు చెల్లకపోయినవి.

మన యూరి ఆర్థికమండలికి నేల సేకరించునాటికి అమలులో నున్నది ఆంగ్లేయులు 1894లో చేసిన చట్టమే. అది పట్టాదారుని ముఖ్యముగా చూచెను. దాని స్థానమున 2013లో చేసి 2014 జనవరి 1 నుండి నడపిన చట్టము, మూడేండ్లుగా ఆ నేలపైనే బ్రదుకుచున్న కౌలుదారుని, కూలివానిని, చేతిపనివానిని కూడ బాధితుల లెక్కలో చేర్చినది. 2011 జనవరిలో సుప్రీముకోర్టు ఊరి చెఱువులు, ఉమ్మడి స్థలములు ఆక్రమించినవారిని తొలగింపవలెనని రాష్ట్రములన్నిటికి ఉత్తరువిచ్చినది. 2020 డిసెంబరులో మన రాష్ట్రమున భూముల పునఃకొలత మొదలైనది. పుంత, చెఱువుగట్టు, మందబయలు, శ్మశానము ఏ సంఖ్య క్రింద, ఎంత కొలతతో, ఏ పేరున వ్రాయబడినవో తహసీలుదారు కచేరీలో నడిగి, పాత అడంగలుతో సరిచూచుకొనుటకు అక్షరము వచ్చిన పెద్దవాడొకడు చాలును.