10 ఎంబీలో శాన్ ఆండ్రియాస్ వస్తుందా?

ఇంటర్ రోజుల్లో మా గేమ్స్ పెన్‌డ్రైవ్‌లోనే ఊళ్లు తిరిగేవి. మహబూబాబాద్‌లోని బావ నుంచి జనగామలో నాకు, నా నుంచి భూపాలపల్లి దోస్తుకు. ఓసారి బావ ఫోన్ చేసి, ‘అరేయ్, జీటీఏ శాన్ ఆండ్రియాస్ 10 ఎంబీలో దొరికిందిరా!’ అన్నాడు. 2005లో పీసీకి వచ్చిన ఆ గేమ్‌కు కనీసం 3.6 జీబీ జాగా కావాలి. అయినా ఆశ!

జిప్ ఫైల్ తెరిస్తే పాస్‌వర్డ్ అడిగింది. ‘పాస్‌వర్డ్ ఇదీ. యాంటీవైరస్ ఆపి సెటప్ నొక్కండి’ అని పక్కనే నోట్. నొక్కాను. గేమ్ రాలేదు. తెల్లారి అక్క పెళ్లి ఫొటోలు ఒక్కటీ తెరుచుకోలేదు. డబ్బు కడితేనే తాళం తీస్తామని స్క్రీన్ మీద మెసేజ్. వేరే కాపీ లేదు. భూపాలపల్లికి ఫోన్ చేసి, ‘ఆ ఫైల్ ముట్టుకోకు’ అని మాత్రం చెప్పగలిగాను.

అసలు సంగతి తర్వాత తెలిసింది. జిప్, రార్ చేసేదల్లా ఫైల్‌లో మళ్లీ మళ్లీ వచ్చే డేటాను కుదించి రాయడమే. పాటలు, వీడియోలు ముందే కుదించి ఉంటాయి కాబట్టి ఇంకా పెద్దగా తగ్గవు. 3.6 జీబీని 10 ఎంబీ చేయడమంటే బస్తా బియ్యం అగ్గిపెట్టెలో పట్టించడమే. ఇక పాస్‌వర్డ్ ఎందుకంటారా? అది ఉంటే యాంటీవైరస్ లోపలికి చూడలేదు.

ఇప్పుడు గేమ్ అసలు సైజు ముందే చూస్తా. యాంటీవైరస్ ఆపమంటే అక్కడే డిలీట్. విన్‌రార్ దానంతటది అప్‌డేట్ అవ్వదు. 2023లో బయటపడ్డ లోపం 6.23 వెర్షన్‌తోనే పోయింది, అందుకే పాతది ఉంచను. క్రాక్ గేమ్స్ జోలికే పోను. సూపర్‌టక్స్‌కార్ట్ లాంటివి దర్జాగా ఫ్రీగానే దొరుకుతాయి.

అక్క మాత్రం ఇప్పటికీ అడుగుతుంది: ‘నా పెళ్లి ఫొటోలేవిరా?’