రీలింగ్ లైసెన్సు అర్జీ కొట్టేస్తే ఏం చేయాలి?



మనలో కొంతమంది గూళ్లు అమ్ముకోవడంతో ఆగకుండా, ఇంట్లోనే నూలు తీసే పని మొదలుపెడుతున్నారు. మంచిదే. కానీ కర్ణాటకలో గూళ్ల అమ్మకం, కొనుగోలు 1959 నాటి చట్టం కింద నడుస్తాయి. లైసెన్సు లేకపోతే శిడ్లఘట్ట, రామనగర లాంటి సర్కారు మార్కెట్లలో వేలం పాడి గూళ్లు కొనలేం. అప్పు తెచ్చి మిషను పెట్టినాక "కాగితాలు సరిగా లేవు" అని అర్జీ కొట్టేస్తే, మిషను ఖాళీగా ఉన్నా వడ్డీ మాత్రం నడుస్తానే ఉంటుంది. అందుకే ఈ విషయం రాస్తున్నాను.

ఎక్కువ అర్జీలు పేరు దగ్గరే ఆగిపోతాయి. మన తెలుగోళ్ల ఇళ్లలో ఇది మరీ ఎక్కువ. ఆధార్‌లో ఇంటిపేరు ఉంటుంది, పహణీలో తండ్రి పేరు మొదటి అక్షరం ఉంటుంది, బ్యాంకు పుస్తకంలో రెండూ ఉండవు. ఒక చోట "వెంకటరమణ", ఇంకో చోట "వెంకటరమణప్ప". రెండోది, షెడ్డు ఉన్న జాగా ఇంకా తాత పేరు మీదే ఉండటం.

అర్జీ కొట్టేశారంటే అంతా అయిపోయినట్టు కాదు. వరసగా ఇట్లా చేయండి.

1. నోటిమాటతో తిరిగి రావద్దు. ఏ కారణంతో కొట్టేశారో రాసిచ్చే హింబరహ అడిగి తీసుకోండి. అది లేకుంటే దేని మీద అప్పీలు వేస్తారు? తేదీ, సంతకం ఉన్నాయా చూసుకోండి.

2. తప్పు ఎక్కడుందో చూడండి. నిజంగా మన కాగితంలోనే తప్పుంటే, దాన్ని సరి చేసుకుని కొత్త అర్జీ వేయడమే తొందరగా తేలే దారి. పేరు తేడా అయితే రెండు పేర్లూ ఒక్కరివేనని నోటరీ అఫిడవిట్ జత చేసి, ఒప్పుకుంటారా అని ముందే అడగండి. కాగితాలు సరిగా ఉండి కూడా కొట్టేశారంటే, లేదా జాబితాలో లేని కాగితం అడిగారంటే, అప్పీలే దారి.

3. గడువు దాటనివ్వద్దు. మీ రసీదు మీద 15 అంకెల సకాల నంబరు ఉంటే, 2011 నాటి సకాల చట్టం కింద 30 రోజుల లోపల పై అధికారికి అప్పీలు వేయొచ్చు. అక్కడా కాకపోతే ఇంకో మెట్టు ఉంది. ఆఫీసు చుట్టూ తిరిగినన్ని రోజులూ ఈ లెక్కలోనే పోతాయి. కొత్త అర్జీ వేసినంత మాత్రాన పాత దాని గడువు ఆగదు.

4. అప్పీలు ఒక్క పేజీ చాలు. అర్జీ నంబరు, హింబరహ తేదీ, వాళ్లు చెప్పిన కారణం, దానికి మన జవాబు, జత చేసిన కాగితాల పేర్లు. కోపం మాటలు వద్దు. రెండు కాపీలు తీసుకుపోయి, మన కాపీ మీద ఆఫీసు సీలు, తేదీ వేయించుకోండి.

5. హింబరహ ఇవ్వకుండా తిప్పుతుంటే, 2005 నాటి సమాచార హక్కు చట్టం కింద 10 రూపాయల ఫీజుతో మన ఫైలు కాపీ అడగొచ్చు. మామూలుగా 30 రోజుల్లో జవాబు ఇవ్వాలి.

మా పక్క ఊర్లో ఒకాయన జత చేసిన ఖాతా కాగితాన్నే "లేదు" అని రాసి అర్జీ కొట్టేశారు. ఆయన దగ్గర జతల జాబితా మీద ఆఫీసు సీలు ఉంది. అప్పీలులో అదే చూపించాడు, ఫైలు మళ్లీ తీశారు. సీలు లేకపోయింటే ఆయన మాట ఎవరు నమ్మేవాళ్లు?

మహారాష్ట్రలో 2015, ఒడిశాలో 2012 నుంచి ఇలాంటి సేవా హక్కు చట్టాలు ఉన్నాయి. ఏ సేవలు వాటి కిందికి వస్తాయో, గడువు ఎంతో మీ పట్టు శాఖ ఆఫీసులో అడగండి. తమిళనాడు, యానాం వాళ్లు కొట్టివేత ఉత్తర్వులోనే అప్పీలు ఎవరికి వేయాలో రాసి ఉందా చూడండి.

ఏజెంటుకు డబ్బులిచ్చే ముందు ఆ హింబరహ ఒకసారి నిదానంగా చదవండి. చదవడం రాకుంటే బడికి పోయే పిల్లలతో చదివించుకోండి. చాలాసార్లు చేయాల్సిన పని అందులోనే రాసి ఉంటుంది.