గుణచిత్ర నటుడు గుమ్మడి

చలనచిత్రములో కథయంతయు నాయకుని చుట్టును తిరుగునని పలువురు తలంతురు. కాని మందలించు తండ్రి, ఆదరించు అన్న, హితము చెప్పు మంత్రి, కీడు తలపెట్టు బంధువు లేనిచో ఆ కథకు బలము చాలదు. ఇట్టి పాత్రలను పోషించువారిని గుణచిత్ర నటులందురు. వారి పని సులభమైనది కాదు. నాయకుడు ప్రతి చిత్రమునందును తన రూపముతోనే కనబడవచ్చును. గుణచిత్ర నటుడో, తన వయస్సును, స్వభావమును మరుగుపరచి మరియొక మనిషిగా మారవలెను. తెలుగు చిత్రములలో ఈ విద్యకు వన్నె తెచ్చినవారిలో గుమ్మడి వెంకటేశ్వరరావు ఒకరు.

గుమ్మడి 1927వ సంవత్సరము జూలై 9వ తేదీన, నాటి గుంటూరు జిల్లా తెనాలి ప్రాంతమునందలి రావికంపాడు గ్రామమున ఒక వ్యవసాయ కుటుంబములో జన్మించెను. తెనాలి నాటకములకు పెట్టినది పేరు. ఆ గాలి సోకిన యువకునికి నటనపై మక్కువ కలుగుటలో వింత లేదు. ఆయన మద్రాసు చేరి, 1950లో విడుదలయైన ‘అదృష్టదీపుడు’ చిత్రముతో వెండితెరపై అడుగిడెను. మొదట లభించినవి చిన్న వేషములే. పిమ్మట నందమూరి తారకరామారావు తన సంస్థ నిర్మించిన ‘పిచ్చి పుల్లయ్య’ (1953), ‘తోడు దొంగలు’ (1954) చిత్రములలో ఆయనకు ముఖ్య పాత్రల నిచ్చెను.

1955లో పి. పుల్లయ్య దర్శకత్వమున ‘అర్ధాంగి’ వెలువడెను. అందు గుమ్మడిది వృద్ధుడైన జమీందారు వేషము. ఆ జమీందారు కుమారులలో ఒకనిగా నటించిన అక్కినేని నాగేశ్వరరావు 1924లో జన్మించెను. అనగా తండ్రి కంటె కొడుకే పెద్ద! అప్పటికి గుమ్మడికి ఇరువదియెనిమిది ఏండ్లయినను నిండలేదు. ఒకమారు నెరసిన జుట్టుతో మెప్పించిన నటుని ప్రేక్షకులు మరల యువకునిగా చూచుట అరుదు. ఆ వేషము ధరించుట యనగా నాయక పాత్రలపై ఆశ వదలుకొనుటయే. గుమ్మడి ధరించెను. చిత్రము విజయము పొందెను. అటుపై తండ్రి వేషములు ఆయనను వెదకుకొని వచ్చినవి.

తెల్లని జుట్టు తగిలించుకొన్నంత మాత్రమున ముసలితనము రాదు. నడకలో నెమ్మది, మాటకును మాటకును నడుమ విరామము, చూపులో అనుభవము కనబడవలెను. కోపము వచ్చినను కేక వేయక, కంఠము తగ్గించియే ఎదుటివానిని తల వంచునట్లు చేయగలుగుట పెద్దరికపు లక్షణము. గుమ్మడి నటనలో ఈ నిగ్రహమే ప్రధానము.

‘మాయాబజార్’ (1957)లో ఆయన బలరాముడు. తమ్ముడైన శ్రీకృష్ణుని వేషము ధరించిన రామారావు నిజమునకు ఆయనకంటె నాలుగేండ్లు పెద్ద. అయినను చూచువారికి అన్న అన్నగానే తోచెను. ‘మహామంత్రి తిమ్మరుసు’ (1962)లో రామారావు శ్రీకృష్ణదేవరాయలు కాగా, గుమ్మడి మంత్రి తిమ్మరుసు. తాను సింహాసనమెక్కించిన రాజే తనను శంకించి కన్నులు తీయించుట కాజ్ఞాపించిన వేళ ఆ మంత్రి పడిన వేదన ప్రేక్షకుల హృదయములను కరగించినది. ఆ చిత్రమునకు ఉత్తమ తెలుగు చిత్రముగా రాష్ట్రపతి రజత పతకము లభించెను.

1977లో భారత ప్రభుత్వము గుమ్మడిని పద్మశ్రీ బిరుదముతో గౌరవించెను. యౌవనముననే వృద్ధులను నటించిన ఆయనకు నిజమైన వార్ధక్యము వచ్చినపుడు కంఠము దెబ్బతిని, కొంతకాలము నటనకు దూరము కావలసివచ్చెను. 2010వ సంవత్సరము జనవరి 26వ తేదీన ఆయన హైదరాబాదులో కన్నుమూసెను.

ఇంటికి స్తంభము లెట్టివో కథకు గుణచిత్ర నటులట్టివారు. చూచువారి దృష్టి ముందుగా వాకిటి తోరణముపై నిలుచును గాని, కప్పును మోయునవి స్తంభములే. గుమ్మడి తోరణము కాగోరక స్తంభమై నిలిచెను. అందుచేతనే ఆయన పాత్రలు నేటికిని చెక్కుచెదరక నిలిచియున్నవి.