పిల్లలకి గజ్జి వస్తే మనం ఏం చెయ్యాలి?

గజ్జి అనే మాటని మనవాళ్లు తిట్టుగా కూడా వాడతారు. అందుకే పిల్లలకి వస్తే తల్లిదండ్రులు చెప్పుకోవడానికి సిగ్గుపడతారు. ఇది మురికి వల్ల రాదు. కంటికి ఆనీ ఆననంత చిన్న పురుగు చర్మంలోకి తొలుచుకుపోయి గుడ్లు పెట్టడం వల్ల వస్తుంది.

వేళ్ల సందుల్లో, మణికట్టు దగ్గర, నడుం చుట్టూ పొక్కులు, రాత్రిపూట ఎక్కువయ్యే దురద దీని గుర్తులు. మొదటిసారి సోకితే దురద మొదలవడానికి 4 నుంచి 6 వారాలు పట్టొచ్చు. ఈలోపే ఇంకొకరికి అంటుకోవచ్చు. చర్మానికి చర్మం చాలాసేపు తగిలితేనే సాధారణంగా అంటుతుంది. కాసేపు ఒప్పులకుప్ప తిరిగినందుకు భయపడక్కర్లేదు.

పసుపు, వేపాకుతో సరిపెట్టుకోవద్దని చెప్పండి. ఇక్కడ బ్రిటన్‌లో జీపీ గానీ ఫార్మసిస్ట్ గానీ సాధారణంగా 5 శాతం పెర్మెత్రిన్ క్రీమ్ సూచిస్తారు. ఊరి నుంచి వచ్చిన అమ్మమ్మతో సహా ఇంట్లో అందరూ, దురద లేకపోయినా, ఒకే రోజు రాసుకోవాలి. వారానికి మళ్లీ రాయాలి. పక్కబట్టలు 60 డిగ్రీల వేడిలో ఉతకాలి.

మొదటిసారి మందు రాసిన 24 గంటల తర్వాత పిల్లలు తరగతికి రావొచ్చు. దురద ఇంకొన్ని వారాలు ఉండొచ్చు. గోక్కుంటున్నారని వెనక్కి పంపకండి. మిగతా తల్లిదండ్రులకి విషయం చెప్పండి. ఎవరు ఎంత అడిగినా, పేరు మాత్రం చెప్పకండి.