చెరిపినా చెరగని తాళం

సూరత్ మరమగ్గాల్లో పనిచేసే తెలుగువారికి ఇంటితో మాట్లాడాలన్నా, డబ్బు పంపాలన్నా ఫోనే ఆధారం. అక్కడి వడోద్‌లో మీరొక పాత ఆండ్రాయిడ్ ఫోను కొన్నారనుకుందాం. పిన్ తెలియక, పక్క బటన్లు నొక్కి లోపలున్నదంతా చెరిపేశారు. అయినా అది పాత యజమాని గూగుల్ ఖాతానే అడుగుతుంది! ఎందుకని?

ఫోను మెమరీ అంతా ఒకే గది కాదు. ఫొటోలు, సందేశాలు ఉండే భాగాన్ని రీసెట్ తుడిచేస్తుంది. ఖాతా తాలూకు గుర్తు మాత్రం వేరొక చిన్న భాగంలో ఉంటుంది. దాని జోలికి ఈ రీసెట్ పోదు. ఫోను మళ్ళీ మొదలైనప్పుడు ఆ గుర్తును చూసి, పాత ఖాతా పాస్‌వర్డో, పాత పిన్నో ఇమ్మంటుంది. దొంగసొత్తుకు గిరాకీ తగ్గించే ఈ ఏర్పాటు 2015లో ఆండ్రాయిడ్ 5.1తో వచ్చింది. ఆపిల్ 2013లోనే ఇలాంటిది తెచ్చింది.

పిన్ తెలిసిన యజమాని సెట్టింగుల్లోంచి రీసెట్ చేస్తే ఆ గుర్తు కూడా పోతుంది. కనుక కొనేటప్పుడు ఆ పని మీ ఎదుటే చేయించండి. సొంత ఫోను పాస్‌వర్డే మరిచారా? మరో ఫోనులో ఖాతాను తిరిగి పొందవచ్చు.

డబ్బిస్తే తాళం తీస్తామనేవారూ ఉంటారు. వారు వాడే లొసుగులను కొత్త ఆండ్రాయిడ్‌లు ఒక్కొక్కటిగా మూసేస్తున్నాయి. పైగా 15 అంకెల ఐఎంఈఐ సంఖ్య ప్రభుత్వ 'సంచార్ సాథీ'లో నిషేధానికి గురైతే, తాళం తీసినా ఆ ఫోనుకు మన దేశంలో సిగ్నల్ అందదు.